బొంబాయి తొవ్వల మనోడు

భీమ్‌గల్ గురించి రాయాలంటే ఊళ్ళో ఉన్నవాళ్ళ గురించి రాస్తే సగమే అవుతుంది. మిగతా సగం దుబాయిలో, మస్కట్‌లో, సౌదీలో ఉంటుంది. ఆర్మూరులో పెద్ద రోడ్డు వదిలి వేల్పూర్ మీదుగా వస్తుంటే రెండు పక్కలా పసుపు, మక్క, యాసంగిలో ఎర్రజొన్న. వెనకాల గుట్టలు. 2018లో మున్సిపాలిటీ అయింది గానీ నడకింకా పల్లెదే. బోర్డుల మీద పట్టణం, గల్లీల్లో ఊరు.

ఏ గల్లీలోకి మళ్ళినా ఒళ్ళో చాట పెట్టుకుని బీడీలు చుట్టే ఆడవాళ్ళు కనిపిస్తారు. రాత్రి నానబెట్టిన తునికాకును తడిబట్టలోంచి తీసి, రేకు ముక్కను కొలతగా పెట్టి కత్తెరతో టకటకా కత్తిరిస్తారు. చిటికెడు తంబాకు వేసి, రెండు చేతుల బొటనవేళ్ళతో దొర్లించి, మూతి మడిచి, దారం చుట్టి తెంపేస్తారు. చూపు మాత్రం ఎదురింటామె మీదో టీవీ మీదో ఉంటుంది, చేతులు వాటి పని అవి చేసుకుపోతుంటాయి. ఇరవై అయిదు బీడీలు ఒక కట్ట. నలభై కట్టలయితే వెయ్యి. ఆ వెయ్యి మీదే కూలి. ఈ జిల్లాలో ఎన్నో ఇళ్ళల్లో పిల్లల ఫీజులు ఆ దారంతోనే ముడిపడి ఉన్నాయి.

"మీ ఆయన ఏడున్నడక్కా?" అంటే, "మస్కట్ల. పండుగకొస్తనన్నడు" అంటుంది ఆమె. ఏ పండుగకో చెప్పదు, మనమూ అడగం.

అయితే ఈ ప్రాంతం నుంచి బయటికి పోవడం గల్ఫ్‌తో మొదలు కాలేదు. దుబాయి కంటే ముందు బొంబాయి ఉండేది. నిజాం రాజ్యంలోని తెలుగు పల్లెల నుంచి రాళ్ళ పనికీ మట్టి పనికీ వెళ్ళిన కామాఠీలు ఆ నగరాన్ని కట్టినవాళ్ళలో ఉన్నారు. కామాఠిపురకు ఆ పేరు వాళ్ళ వల్లే వచ్చింది. తర్వాత పద్మశాలీలు మగ్గాల వెంట వెళ్ళారు, బొంబాయి మిల్లుల్లో, భీవండి పవర్‌లూముల్లో కుదురుకున్నారు. హైదరాబాదు నుంచి నిజామాబాదు మీదుగా మన్మాడు పోయే రైలు దారి ఇరవయ్యో శతాబ్ది మొదటి రోజుల్లోనే వచ్చింది. ఈ రోజుకూ దేవగిరి ఎక్స్‌ప్రెస్ ఆ దారినే ముంబయి చేరుతుంది. రైలు దొరకనివాళ్ళకు బస్సు. పేరు ముంబయిగా మారినా, పెద్దమనుషుల నోట్లో అదింకా బొంబాయి బస్సే.

ఆ తొవ్వన పోయినవాళ్ళలో ఒకడు సినిమా హీరో అయ్యాడు.

మేస్త్రీ కాలేదు, మిల్లులో చేరలేదు. మూకీల కాలంలో వెళ్ళి, మాటలు రాని తెర మీద మొదలుపెట్టి, అమితాబ్ బచ్చన్ కాలం దాకా తెర మీదే ఉన్నాడు. దేవికా రాణి పక్కన నటించాడు. నర్గీస్‌ను పెట్టి సినిమా తీశాడు. 1980కి గాను దాదాసాహెబ్ ఫాల్కే అవార్డు అందుకున్నాడు. పేరు పైడి జైరాజ్. భీమ్‌గల్ మనిషి కాదు, కరీంనగర్‌లో పుట్టినవాడు. కానీ భీమ్‌గల్ వాళ్ళకు కరీంనగర్ పరాయి ఊరేం కాదు. కమ్మర్‌పల్లి దాటితే మెట్‌పల్లి, కోరుట్ల, జగిత్యాల వరసగా వస్తాయి. ఇటు పిల్లను అటిచ్చారు, అటు పిల్లను ఇటు తెచ్చుకున్నారు. పంటలు ఒకటే, బీడీలు ఒకటే, ఎయిర్‌పోర్టుకు పోయే బండ్లూ ఒకటే. జిల్లాల గీతలు చెరిపి చూస్తే అంతా ఒకే వలస సీమ. జైరాజ్ ఆ సీమ మనిషి.

పేరు చెప్పి చూడండి. నడివయసు వాళ్ళు నొసలు ముడుస్తారు. "జైరాజా? హిందీల చేసినోడా?" అని ఎవరో ఒక పెద్దాయన అంటే గొప్ప. కుర్రాళ్ళ సంగతి అడగనే వద్దు. నిందించాల్సిన పని లేదు. ఆయన ఒక్క తెలుగు సినిమాలోనైనా వేషం వేసి ఉంటే పరిస్థితి ఇట్లా ఉండేది కాదు.

1909 సెప్టెంబరు 28న పుట్టాడు. హైదరాబాదు నిజాం కాలేజీలో చదివాడు. అప్పట్లో ఆ కాలేజీ మద్రాసు విశ్వవిద్యాలయం కింద ఉండేది, చదువు ఇంగ్లీషులో. ఊళ్ళో, కచేరీలో, బజారులో ఉర్దూ. ఇంట్లో తెలుగు. ఇరవై ఏళ్ళకే మూడు భాషలు నోట్లో ఉన్న కుర్రాడు, బలమైన ఒళ్ళు, నాటకాల పిచ్చి. 1929లో బొంబాయి చేరాడు.

హైదరాబాదులోనే ఎందుకు ప్రయత్నించలేదు అంటే, అక్కడ సినిమా అనేది పుట్టి, కళ్ళు తెరిచేలోపే వెళ్ళగొట్టబడింది. కలకత్తా నుంచి ధీరేన్ గంగూలీ 1922లో వచ్చి లోటస్ ఫిల్మ్ కంపెనీ పెట్టాడు. హైదరాబాదులోనే మూకీలు తీశాడు, హాళ్ళు నడిపాడు. 1924లో 'రజియా బేగం' అనే చిత్రాన్ని ప్రదర్శించాడు. ముస్లిం రాణి హిందువును ప్రేమించిన కథ. నిజాం ప్రభువుకు ఆగ్రహం వచ్చింది. గంగూలీ మూటాముల్లె సర్దుకుని రాజ్యం విడిచి పోవాల్సి వచ్చింది. ఆయన ఆ బొమ్మ వేయకుండా ఉండి, కంపెనీ నిలబడి ఉంటే, జైరాజ్ రైలెక్కే అవసరం వచ్చేది కాదేమో. రాజుగారి ఒక్క కోపానికి తెలంగాణ సినిమా ముప్పై ఏళ్ళు వెనకబడిందని నా అభిప్రాయం. హైదరాబాదులో సారథి స్టూడియో లేచేసరికి 1950లు చివరికొచ్చాయి. అప్పటికి జైరాజ్‌కు యాభై ఏళ్ళు.

బొంబాయిలో మొదటి చిత్రం 'జగ్‌మగ్‌తీ జవానీ'. ఆ తర్వాత పదికి పైగా మూకీలు. మూకీ అంటే భాష అడ్డం రాని సినిమా. తెర మీద కథ నడుస్తుంటే మధ్యమధ్య రాతపలకలు పడేవి, చదవగలిగినవాడు పక్కవాళ్ళకు పైకి చదివి వినిపించేవాడు. నటుడికి కావలసింది ఒళ్ళు, ముఖం, గుర్రం మీద నిలబడే ధైర్యం. కరీంనగర్ పిల్లవాడు బొంబాయిలో హీరో కావడానికి అంతకంటే అనువైన కాలం మరొకటి లేదు. దురదృష్టమేమిటంటే ఆ చిత్రాలు మనం చూసే వీలు లేదు. మన దేశంలో తీసిన మూకీలు పదమూడు వందలకు పైమాటే, నిలిచినవి వేళ్ళ మీద లెక్కపెట్టొచ్చు. మంటకు ఆహుతయ్యే నైట్రేట్ ఫిల్ము, వేడి, తేమ, వెండి కోసం రీళ్ళు కరగబెట్టిన వ్యాపారం, అన్నీ కలిసి ఒక తరం నటుల యవ్వనాన్ని మింగేశాయి.

1931 మార్చిలో 'ఆలం ఆరా' వచ్చింది. తెర మాట్లాడింది. చాలామంది మూకీ తారల బతుకు ఆ రోజుతో తలకిందులైంది. సులోచన పేరుతో వెలిగిన రూబీ మయర్స్ అంతటి తార కూడా కొంతకాలం పక్కకు తప్పుకుని హిందుస్తానీ నేర్చుకోవాల్సి వచ్చింది. జైరాజ్‌కు ఆ బాధ లేదు. ఆయన ఉర్దూ పుస్తకంలో నేర్చుకున్నది కాదు, నిజాం రాజ్యంలో పెరిగినవాడికి ఊపిరితో పాటు వచ్చింది. తెలుగువాడు హిందీ తెర మీద నాలుక మడత పడకుండా నిలబడగలిగాడంటే దాని వెనక హైదరాబాదు సంస్థానం ఉంది. 1918లో ఉర్దూ మాధ్యమంగా విశ్వవిద్యాలయమే పెట్టిన రాజ్యం అది. ఆ విధానం వల్ల తెలుగు ఎంత నలిగిందో మనకు తెలుసు, ఆంధ్ర మహాసభల చరిత్రంతా ఆ నలుగుడు మీద పుట్టిందే. కానీ అదే ఉర్దూ కొందరికి పాస్‌పోర్టు అయింది.

ఇక్కడే నాకు భీమ్‌గల్ గుర్తొస్తుంది. పదో తరగతి తప్పిన కుర్రాడు కూడా ఇక్కడ హిందీ గడగడా మాట్లాడతాడు. బజారులో నేర్చుకున్నది, దోస్తులతో నేర్చుకున్నది. గల్ఫ్‌లో దిగిన మొదటి రోజు పాకిస్తానీ డ్రైవరుతో, బీహారీ మేస్త్రీతో, మలయాళీ సూపర్‌వైజరుతో వాణ్ణి నిలబెట్టేది ఆ భాషే. కంపెనీ వీసా మీద పోయినవాడికైనా, ఆజాద్ వీసా మీద పోయినవాడికైనా, ఖల్లివల్లి అయి దొంగచాటుగా బతికేవాడికైనా అదే దిక్కు. కోస్తా నుంచి వెళ్ళినవాళ్ళు మొదట్లో తడబడే చోట మనవాళ్ళు బేరం కూడా ఆడగలరు. జైరాజ్‌ను బొంబాయి స్టూడియోలో నిలిపిన సరుకూ, ఈ పిల్లవాణ్ణి షార్జా లేబర్ క్యాంపులో నిలిపే సరుకూ ఒకటే. అందుకే ఆయన కథను సినిమా పేజీలో కాకుండా ఈ ఊరి పేజీలో పెట్టాలనిపించింది.

ఇంకో విడ్డూరం ఉంది. మొదటి తెలుగు టాకీ 'భక్త ప్రహ్లాద' తీసింది ఎక్కడో కాదు, బొంబాయిలోనే. హెచ్.ఎం. రెడ్డి అక్కడే తీసి, 1932 ఫిబ్రవరిలో విడుదల చేశారు. జైరాజ్ అప్పుడు అదే నగరంలో, పక్క స్టూడియోల్లో హీరో. తెలుగు సినిమా ఆయన గడప ముందే పుట్టింది, ఆయన లేకుండానే పుట్టింది. ఆ సినిమాలో చిన్న వేషం వేసిన మరో తెలుగు కుర్రాడు ఉన్నాడు, ఏలూరు పక్క సోమవరప్పాడు నుంచి వచ్చిన అక్కినేని లక్ష్మీవరప్రసాదరావు. 'ఆలం ఆరా'లోనూ కనిపించిన మనిషి. ఆయన తర్వాత మద్రాసు దారి పట్టాడు, ఎల్.వి. ప్రసాద్ అయ్యాడు, 'షావుకారు', 'మిస్సమ్మ' తీశాడు. జైరాజ్ మాత్రం బొంబాయి విడిచి కదలలేదు.

కదలకపోవడానికి కారణం ఊహించడం కష్టమేమీ కాదు. ప్రసాద్‌కు మద్రాసులో ఎదురుచూసే తెలుగు పరిశ్రమ ఉంది, అందులో తన జిల్లాల మాట ఉంది. తెలంగాణ మనిషికి మద్రాసు ఏమవుతుంది? అది వేరే రాజ్యం, అక్కడి సినిమా తెలుగు కృష్ణా గోదావరుల తెలుగు. బొంబాయి దగ్గర, తెలిసిన తొవ్వ, తెలిసిన భాష, చేతినిండా పని. పని ఉన్న చోటే ఊరు. గల్ఫ్‌లో ఇరవై ఏళ్ళు ఉండిపోయినవాళ్ళను అడిగితే వాళ్ళూ ఇదే చెప్తారు.

పని నిజంగానే చేతినిండా ఉండేది. 1938లో బాంబే టాకీస్ వారి 'భాభీ'కి దర్శకుడు జర్మనీ నుంచి వచ్చిన ఫ్రాంజ్ ఆస్టెన్, హీరో జైరాజ్. 1943లో అదే సంస్థ 'హమారీ బాత్' తీసింది. దేవికా రాణి నటించిన చివరి చిత్రం అది, ఆమె సరసన మళ్ళీ జైరాజే. రాజ్ కపూర్ అందులో చిన్న వేషం వేశాడు. 1946లో సైగల్ పాటలతో ఊగిపోయిన 'షాజహాన్'లోనూ ఉన్నాడు. 1949లో 'సింగార్', ఒక పక్క సురయ్యా, ఇంకో పక్క మధుబాల. 1951లో సొంతంగా 'సాగర్' తీశాడు, దర్శకత్వమూ తనదే, హీరోయిన్ నర్గీస్. తర్వాత 'మొహర్'కు కూడా దర్శకత్వం వహించాడు. అయినా ఆయన దర్శకుడిగా మిగల్లేదు. జనం ఆయన్ను కత్తి, కిరీటం, గుర్రంతోనే చూడాలనుకున్నారు.

ఆ మాటకొస్తే 1950ల మధ్య నుంచి పదేళ్ళ పాటు హిందీ తెర మీద చరిత్ర అంటే జైరాజ్ ముఖమే. అమర్‌సింగ్ రాఠోడ్, పృథ్వీరాజ్ చౌహాన్, దుర్గాదాస్, టిప్పు సుల్తాన్, హైదర్ అలీ, అందరూ ఆయనే. 1963లో చంద్రశేఖర్ ఆజాద్ కూడా ఆయనే. రాజపుత్రుల కథల్లో రాజపుత్రుడు, సుల్తానుల కథల్లో సుల్తాను. నాకిది భలే ముచ్చటగా ఉంటుంది. కరీంనగర్ అబ్బాయి ఒక ఏడాది మొగలాయిలతో తలపడి, మరో ఏడాది మైసూరు గద్దె మీద కూర్చుంటే ఉత్తరాది జనం ఎక్కడా అనుమానపడలేదు. ఈ సినిమాల్లో చాలావరకు పెద్ద బ్యానర్లవి కావు. మొగల్-ఏ-ఆజం లాంటి ఖర్చు లేదు, అట్టకోటలు, అద్దె గుర్రాలు. సాయంత్రం ఆటకు టాంగాలు కట్టుకుని వచ్చే చిన్న ఊళ్ళ జనం వాటిని ఆదుకున్నారు. విమర్శకులు పట్టించుకోని సినిమాలు చేసినవాణ్ణి చరిత్ర పుస్తకాలూ పట్టించుకోలేదు. ఆయన పేరు మరుగున పడడానికి భాష ఎంత కారణమో, ఈ వర్గం సినిమాలూ అంతే కారణం.

ఇంగ్లీషు చదువు ఊరికే పోలేదు. 1963లో బ్రిటన్‌లో తయారైన 'నైన్ అవర్స్ టు రామా' అనే చిత్రంలో జైరాజ్‌కు వేషం దొరికింది. స్టాన్లీ వోల్పర్ట్ నవల ఆధారం, మార్క్ రాబ్సన్ దర్శకుడు. గాంధీజీ హత్యకు ముందు గంటల్లో గాడ్సే చుట్టూ అల్లిన కల్పిత కథ. గాడ్సేగా జర్మన్ నటుడు హోర్స్ట్ బుకోల్జ్, పోలీసు అధికారిగా హోసే ఫెరర్, రాజకీయ నాయకుడిగా బ్రిటిష్ నటుడు రాబర్ట్ మోర్లీ. ముఖాలకు గోధుమరంగు పూసుకున్న తెల్లవాళ్ళ మధ్య జైరాజ్ ఘన్‌శ్యామ్ దాస్ బిర్లా పాత్ర వేశాడు. గాంధీజీ ప్రాణం పోయింది బిర్లా ఇంటి తోటలోనే కదా, కథలో ఆ మనిషి ఉండక తప్పదు.

ఆ సినిమాలో గాంధీగా నటించిన జె.ఎస్. కశ్యప్ సంగతి కూడా చెప్పుకోవాలి. ఆయన అసలు నటుడే కాదు. బాంబే టాకీస్‌లో పాటలు, మాటలు రాసిన రచయిత, 'అచ్ఛూత్ కన్యా' పాటలు ఆయనవే. బెన్ కింగ్‌స్లీకి దాదాపు ఇరవై ఏళ్ళ ముందే తెర మీద గాంధీ అయిన మనిషి. పాత బాంబే టాకీస్ చేతులు రెండు, కశ్యప్, జైరాజ్, ఒక లండన్ సినిమాలో మళ్ళీ కలిశాయి. నవలనూ సినిమానూ రెండిటినీ మన ప్రభుత్వం నిషేధించింది. భారతదేశంలో తీసిన సన్నివేశాలు, భారతీయ నటుల వేషాలు, భారతీయుడి కథ, చూసే అవకాశం మాత్రం భారతీయుడికి లేదు. జైరాజ్ ఇంగ్లీషులో ఎట్లా మాట్లాడాడో ఆయన ఊరివాళ్ళకు తెలిసే వీల్లేకపోయింది. మూడేళ్ళకు మరో ఇంగ్లీషు చిత్రం 'మాయా'లోనూ కనిపించాడు. ఏనుగు, అడవి, ఇద్దరు పిల్లలు ఉన్న అమెరికా వారి సినిమా అది.

తర్వాత వయసు మీద పడింది, వేషాలు చిన్నవయ్యాయి. హీరోలుగా వెలిగిన ఆయన తరం వాళ్ళలో చాలామంది ఆ దశలో ఇంటికే పరిమితమయ్యారు. ఈయన రోజువారీ పనిలా చేసుకుపోయాడు. డాక్టరు, జడ్జి, తండ్రి, పోలీసు పెద్ద. 1975 ఆగస్టు 15న వచ్చిన 'షోలే'లో పోలీసు అధికారిగా కనిపిస్తాడు. తెలంగాణలో 'షోలే' చూడని ఇల్లు ఉంటుందా? గబ్బర్ మాటలు భీమ్‌గల్ కూరగాయల అంగట్లో ఈ రోజుకూ వినిపిస్తాయి. ఆ సినిమా పదిసార్లు చూసినవాళ్ళు కూడా, అందులో తమ పక్క జిల్లా మనిషి ఒకడు ఖాకీ బట్టల్లో వచ్చి పోయాడని ఎరగరు. 'ముకద్దర్ కా సికందర్'లో డాక్టరు. 

1980 ఫాల్కే అవార్డు ప్రకటన వచ్చినప్పుడు తెలుగువాళ్ళలో అంతకు ముందు ఆ గౌరవం దక్కింది బి.ఎన్. రెడ్డి ఒక్కరికే. రెండేళ్ళకు ఎల్.వి. ప్రసాద్‌కు వచ్చింది. భక్త ప్రహ్లాద నాడు ఒకే ఊళ్ళో ఉండి రెండు దారులు పట్టిన ఇద్దరూ చివరికి ఒకే పట్టికలో చేరారు. తెలుగు సినిమా చరిత్రల్లో ప్రసాద్‌కు అధ్యాయాలున్నాయి. జైరాజ్‌కు చాలా పుస్తకాల్లో ఒక వాక్యం, అదీ అవార్డుల జాబితాలో. 2000 ఆగస్టులో ముంబయిలో కన్నుమూశాడు. తొంభై ఒకటో ఏడు నిండడానికి కొన్ని వారాలే ఉంది.

మళ్ళీ ఇటువైపు వద్దాం. తెర ఈ సీమకు రావడానికి చాలా కాలం పట్టింది. వచ్చినప్పుడు మా యాసను మొదట విలన్ చేతిలో పెట్టింది, తర్వాత కమెడియన్ చేతిలో పెట్టింది. హీరో మాత్రం ఎక్కడ పుట్టినా బెజవాడ భాషే మాట్లాడేవాడు. 1980లో విడుదలైన 'మా భూమి' దానికి పెద్ద మినహాయింపు, అందులో నటించిన సాయిచంద్ త్రిపురనేని గోపీచంద్ కొడుకు. ఆ తర్వాత చాలా ఏళ్ళు తెరకు దూరంగా ఉండి, 2017లో 'ఫిదా'తో తిరిగొచ్చాడు. ఈసారి బాన్సువాడ తండ్రిగా. శేఖర్ కమ్ముల తీసిన ఆ సినిమాలో బాన్సువాడ పిల్ల తన మాట తాను మాట్లాడితే రాష్ట్రమంతా ఈలలు వేసింది. నాలుగేళ్ళకు ఆయనే 'లవ్ స్టోరీ'లో హీరోను ఆర్మూరు వాణ్ణి చేశాడు. భీమ్‌గల్ నుంచి ఒక బస్సు దూరం. హాల్లో ఊరి పేరు వినిపించగానే ఇక్కడి కుర్రాళ్ళు కేకలు పెట్టారంటే అది సినిమా మీద ప్రేమ ఒక్కటే కాదు. 'ఫిదా' నిర్మాత దిల్ రాజు కూడా ఈ జిల్లా నర్సింగ్‌పల్లి వాడే. నితిన్ పుట్టింది నిజామాబాదులో. ఇప్పుడు ఇక్కడి పిల్లవాడికి సినిమా పిచ్చి పడితే దేవగిరి ఎక్కక్కర్లేదు, హైదరాబాదు బస్సెక్కి కృష్ణానగర్‌లో దిగితే చాలు. దిగాక పడే పాట్లు వేరే సంగతి.

జైరాజ్ పేరు ఈ మధ్య కొంచెం వినిపిస్తోంది. రవీంద్రభారతి ఆవరణలో ఉన్న ప్రివ్యూ థియేటర్‌కు తెలంగాణ ప్రభుత్వం ఆయన పేరు పెట్టింది, 'సినివారం' పేరుతో కొత్త కుర్రాళ్ళ చిన్న చిత్రాలు అక్కడే వేసేవారు. 2025 జూన్‌లో మొదటిసారి ఇచ్చిన గద్దర్ సినిమా అవార్డుల్లో పైడి జైరాజ్ పేరిట ఒకటి ఉంది. దాన్ని మణిరత్నం అందుకున్నారు. మా ఆయన పేరు మీద తమిళ దర్శకుడికేమిటి అని గొణిగినవాళ్ళున్నారు. నాకైతే తప్పుగా తోచలేదు. బతుకంతా తనది కాని భాషలో పని చేసిన మనిషి పేరు మీది బహుమతి వేరే రాష్ట్రం పోతే అది ఆయన తొవ్వనే పోయినట్టు. నాకున్న ఫిర్యాదు వేరు. థియేటర్‌కు పేరు పెట్టారు, అవార్డుకు పేరు పెట్టారు, సినిమాలు మాత్రం ఎవరూ చూపించడం లేదు. పేరు తెలిసి ముఖం తెలియని గౌరవం ఏం గౌరవం?

చూపించడానికి మూకీలు మిగల్లేదు, నిజమే. టాకీలు మిగిలాయి. కరీంనగర్‌లో ఒక వారం, నిజామాబాదులో ఒక వారం వేయవచ్చు. ఇంకా మంచి చోటు నాకొకటి తోస్తుంది. భీమ్‌గల్ శివారులో లింబాద్రి గుట్ట ఉంది, లక్ష్మీనరసింహస్వామి కొలువు. కార్తీకంలో జాతర జరుగుతుంది, పున్నమికి రథం కదులుతుంది. చుట్టుపక్కల మండలాల నుంచి బండ్లు, ఆటోలు, ట్రాక్టర్లు కట్టుకుని జనం దిగుతారు. గల్ఫ్ నుంచి సెలవు దొరికినవాళ్ళు కుదిరితే ఆ రోజులకే వస్తారు. గుట్ట కింద బొంగుప్యాలాలు, గాజులు, రంగులరాట్నం, రాత్రంతా మైకుల మోత. ఒకప్పుడు ఇట్లాంటి చోట డేరా టాకీసు పడేది, ఇప్పుడు ఎవరి ఫోను వాళ్ళ చేతిలో ఉంది.

ఆ మైదానంలో ఒక రాత్రి తెల్లబట్ట కట్టి 'హాతిమ్‌తాయ్' వేస్తే చాలు. 1956లో హోమీ వాడియా తీసిన రంగుల జానపదం. పరీలు, రాక్షసులు, మంత్రాల చెట్లు, షకీలా అందం. హాతిమ్‌గా జైరాజ్. జాతరకు వచ్చిన పిల్లలకు అర్థం చెప్పే పని లేదు, భాష రాని ముసలమ్మకు కూడా అడ్డం రాదు. ఖర్చు పెద్దగా కాదు, ఒక ప్రొజెక్టరు, రెండు స్పీకర్లు, సాంస్కృతిక శాఖ నుంచి ఒక ఉత్తరం. ఆట మొదలయ్యే ముందు మైకులో ఒక్కటి చెప్తే సరిపోతుంది, ఈ హీరో కరీంనగర్ పిల్లగాడని. బీడీలు చుట్టే ఆడవాళ్ళు ముందు వరసలో కూర్చుంటారు, చాటలు ఇంట్లో పెట్టి వస్తారో వెంట తెచ్చుకుంటారో వాళ్ళ ఇష్టం.